ఆరేళ్ళ లోపు పిల్లలు: చట్టంలో లేరు, పద్దులో ఉన్నారు

దళితుల చదువు గురించి మన సభల్లో మాట వచ్చినప్పుడల్లా అది హాస్టలు దగ్గర మొదలై, స్కాలర్‌షిప్పు మీదుగా, యూనివర్సిటీ రోస్టరు దగ్గర ఆగుతుంది. అది సహజమే. మనలో చాలామందిమి ఆ మెట్లెక్కి వచ్చినవాళ్ళమే. పోట్లాడి సాధించుకున్నవీ అవే. కానీ ఒకటో తరగతిలో కూర్చునే నాటికే వాడ పిల్లకూ ఊరి పిల్లకూ మధ్య ఒక దూరం ఏర్పడి ఉంటుంది. ఒకరికి పలక, బొమ్మల పుస్తకం, రంగుబలపం ముందే పరిచయం. ఇంకొకరికి పంతులు మాట్లాడే తెలుగు కూడా కొత్తే. ఈ దూరాన్ని ‘తెలివి’ అనీ ‘ఇంటి వాతావరణం’ అనీ పిలవడం బళ్ళలో అలవాటు. ఇంటి వాతావరణం మాట నిజమే అనుకుందాం. మరి ఇంట్లో దొరకనిది అందించడానికే గదా ప్రభుత్వం ఉన్నది? ఆరేళ్ళ లోపు పిల్లల చదువుకు ప్రభుత్వం ఏ చట్టం కింద ఖర్చు పెడుతున్నది, ఏ లెక్కన పెడుతున్నది, ఆ లెక్కలో వాడ ఎక్కడున్నది అన్నదే ఇక్కడ మేము పరిశీలించదలచుకున్నది.

ముందు చట్టం సంగతి చూద్దాం. రాజ్యాంగం అమల్లోకి వచ్చిననాటి 45వ అధికరణం, పదేళ్ళలోగా పద్నాలుగేళ్ళు నిండేదాకా పిల్లలందరికీ ఉచిత నిర్బంధ విద్య అందించడానికి రాజ్యం ప్రయత్నించాలని చెప్పింది. పై హద్దు పద్నాలుగు. కింది హద్దు రాయలేదు. 1948 నవంబరు 23న రాజ్యాంగసభలో ఈ అంశం చర్చకు వచ్చినప్పుడు, దీన్ని ‘ప్రాథమిక విద్య’ వరకే కుదించాలన్న సవరణ ఒకటి వచ్చింది. డాక్టర్ అంబేడ్కర్ దాన్ని ఒప్పుకోలేదు. పద్నాలుగేళ్ళ లోపు పిల్లల్ని ఫ్యాక్టరీల్లో, గనుల్లో పనికి పెట్టుకోకూడదని మరోచోట రాసుకున్నప్పుడు, ఆ వయసుదాకా పిల్లలు బడిలో ఉండేటట్లు చూడవలసిందేనని ఆయన వాదన. చదువును ఆయన కూలి నుంచి విడదీసి చూడలేదన్నది గమనించాలి. మనం కూడా ఈ వ్యాసంలో మళ్ళీ అక్కడికే రావలసి ఉంటుంది.

ఆ పదేళ్ళ గడువు 1960లో దాటిపోయింది. 1993లో ఉన్నికృష్ణన్ కేసులో సుప్రీంకోర్టు పద్నాలుగేళ్ళ వరకు ఉచిత విద్య పిల్లల హక్కు అన్నది. విచిత్రమేమిటంటే ఆ కేసు పేదపిల్లల కోసం వేసింది కాదు. క్యాపిటేషన్ ఫీజుల్ని కట్టడి చేసే చట్టాల్ని సవాలు చేస్తూ ప్రైవేటు వృత్తివిద్యా కాలేజీలు కోర్టుకెక్కితే, కేసు పేరులో ప్రతివాది మన ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం. కాలేజీల తగాదాలోంచి పసిపిల్లల హక్కు బయటపడింది. ఆ తీర్పులోనూ కింది హద్దు లేదు.

ఆ హద్దు గీసింది 2002లో వచ్చిన 86వ రాజ్యాంగ సవరణ. విద్యను ప్రాథమిక హక్కు చేశామని అందరూ పొగిడిన సవరణే అది. 21-ఏ అధికరణం కింద ఆరు నుంచి పద్నాలుగేళ్ళ పిల్లలకు హక్కు వచ్చింది. ఆరేళ్ళ లోపు వాళ్ళని తీసి, కొత్తగా రాసిన 45వ అధికరణంలో పెట్టారు. అంటే ఆదేశిక సూత్రాల్లో. కోర్టుకు పోయి నిలదీయడానికి వీల్లేని చోట. 2009 విద్యాహక్కు చట్టం 11వ సెక్షన్ దీన్ని ఇంకా పలచన చేసింది. మూడేళ్ళు దాటిన పిల్లల్ని బడికి సిద్ధం చేయడానికి ప్రభుత్వం అవసరమైన ఏర్పాటు ‘చేయవచ్చు’ అన్నది. ‘చేయాలి’ అనలేదు. అదే చట్టం 12వ సెక్షన్‌కి వచ్చేసరికి, పూర్వప్రాథమిక తరగతులు నడిపే ప్రైవేటు బడి తన బలహీనవర్గాల సీట్లను ఆ తరగతుల్లోనే ఇవ్వాలని రాశారు. ఆ ఫీజు సర్కారు చెల్లిస్తుంది. ప్రైవేటు బడికి ‘చేయాలి’, ప్రభుత్వానికి ‘చేయవచ్చు’. సర్కారు తన బడిని తాను కట్టుకోకుండా పక్కవాడి బడిలో కుర్చీ అద్దెకు తీసుకున్నట్లుంది ఇది.

ఇక 2013 జాతీయ ఆహార భద్రతా చట్టం ఆరు నెలల నుంచి ఆరేళ్ళ దాకా పిల్లలకు స్థానిక అంగన్‌వాడీలో ఉచిత ఆహారాన్ని చట్టబద్ధమైన హక్కు చేసింది. మంచిదే, దాన్ని తక్కువ చేయడం లేదు. కానీ ఫలితం చూడండి. అదే పిల్ల, అదే గది, అదే చాప. తినే గుడ్డు హక్కు, నేర్చుకునే పాట పథకం. పథకం అంటే బడ్జెట్లో డబ్బుంటే నడిచేది, లేకపోతే ఆగేది. 2020 జాతీయ విద్యావిధానం మూడేళ్ళ వయసు నుంచే చదువు మొదలని చాలా గట్టిగా చెప్పింది. ఆ మాటకు తగ్గట్టు విద్యాహక్కు చట్టాన్ని మాత్రం సవరించలేదు.

చట్టంలో చోటు లేని ఈ పిల్లలు పద్దులో ఎట్లా ఉన్నారో ఇప్పుడు చూద్దాం.

సమగ్ర శిశు అభివృద్ధి సేవల పథకం, మనవాళ్ళు ఐసీడీఎస్ అనేది, 1975 అక్టోబరు 2న దేశం మొత్తమ్మీద 33 బ్లాకుల్లో మొదలైంది. పౌష్టికాహారం, టీకాలు, ఆరోగ్య పరీక్ష, ఆస్పత్రికి పంపడం, తల్లులకు పోషణ-ఆరోగ్య బోధన, మూడు నుంచి ఆరేళ్ళ పిల్లలకు పూర్వప్రాథమిక విద్య అని ఆరు సేవలు. ఇప్పుడు దేశంలో మంజూరైన కేంద్రాలు దాదాపు 14 లక్షలు. ప్రపంచంలో ఇంత పెద్దది మరొకటి లేదని సర్కారు చెప్పుకుంటుంది. ఇంత పెద్దది నిజమే. ఏ కొలతతో కట్టారన్నది అసలు ప్రశ్న.

కొలత జనాభా. ఇప్పటి నియమం ప్రకారం మామూలు గ్రామీణ ప్రాంతంలో 400 నుంచి 800 జనాభాకు ఒక కేంద్రం. 800 నుంచి 1600 దాకా రెండు. 150 నుంచి 400 దాకా ఉన్న చిన్న ఆవాసానికి మినీ కేంద్రం. కాగితం మీద ఈ కొలతకు కులం లేదు. కానీ మన ఊళ్ళకు ఉంది. ఉదాహరణకి 780 జనాభా ఉన్న ఒక ఊరిని తీసుకోండి. 600 మంది ఊళ్ళో, 180 మంది వాడలో. నియమం ప్రకారం ఒక కేంద్రం వస్తుంది. అది ఎక్కడ పెట్టాలన్నది నియమం తేల్చదు, ఊరు తేలుస్తుంది. అద్దెకు గది దొరికే చోట, సర్పంచి చూపిన చోట, అధికారి జీపు ఆగే చోట. మూడేళ్ళ పిల్ల ఒక్కతే నడిచిపోలేదు. ఎత్తుకుపోయి దింపి, మధ్యాహ్నం తీసుకురావడానికి కూలికిపోయే తల్లికి తీరదు. కనుక ఆ పిల్ల పేరు రిజిస్టరులో ఉంటుంది, పిల్ల వాడలో ఉంటుంది. ఎవరూ రావద్దని అనలేదు. అనవలసిన అవసరం రాలేదు.

సరే, వాడకు మినీ కేంద్రం వచ్చిందనుకుందాం. మినీ అంటే కొలతలో చిన్నది మాత్రమే కాదు. ఒకే కార్యకర్త, ఆయా ఉండదు, గౌరవ వేతనం తక్కువ. పొయ్యి వెలిగించేదీ ఆమే, పిల్లలకు పాటలు చెప్పేదీ ఆమే, బరువు తూచేదీ ఆమే. ఆ మూడింట్లో ముందు జారిపోయేది చదువే, ఎందుకంటే ఆకలి ఆగదు, రిజిస్టరు ఆగదు. దేశంలో వాడకీ తండాకీ గూడేనికీ దక్కింది ఎక్కువగా ఈ రకమే. 2023 తర్వాత రెండు తెలుగు రాష్ట్రాలూ మినీ కేంద్రాల్ని మామూలు కేంద్రాలుగా మార్చడానికి పూనుకున్నాయంటే దాని వెనక ఆ కార్యకర్తల ఏళ్ళతరబడి పోరాటం ఉంది.

ఈ కొలతలోని అన్యాయాన్ని సుప్రీంకోర్టు గుర్తించింది. 2001లో పౌరహక్కుల ప్రజాసంఘం వేసిన ఆహారహక్కు కేసులో ప్రతి ఆవాసానికీ ఒక అంగన్‌వాడీ ఉండాలని ఆ ఏడాది నవంబరు 28న చెప్పింది. 2004 అక్టోబరులో, కొత్త కేంద్రాలు పెట్టేటప్పుడు షెడ్యూల్డు కులాల, తెగల ఆవాసాలకు మొదటి ప్రాధాన్యం ఇవ్వాలన్నది. 2006 డిసెంబరు 13న ఇంకో అడుగు వేసింది. 2008 డిసెంబరు నాటికి కేంద్రాలు 14 లక్షలకు తగ్గకూడదనీ, ఆరేళ్ళ లోపు పిల్లలు 40 మంది ఉండీ అంగన్‌వాడీ లేని ఆవాసం అడిగితే మూడు నెలల్లో ఇవ్వాలనీ ఆదేశించింది. దీన్నే ‘అడిగితే అంగన్‌వాడీ’ అంటారు. 14 లక్షల్లో 20 వేలను కేంద్రం ఇందుకు కేటాయించింది.

ఈ 40 అనే అంకె దగ్గర కొంచెం ఆగాలి. 2011 జనగణన నాటికి ఉమ్మడి రాష్ట్రంలో ఈ వయసు పిల్లలు నూటికి పది, పదకొండు మంది. అంటే 40 మంది పిల్లలు ఉండాలంటే వాడలో నాలుగు వందల దగ్గర జనాభా ఉండాలి. నాలుగు వందలుంటే పాత నియమం ప్రకారమే కేంద్రం రావాలి, అడిగే పని లేదు. దక్షిణాది రాష్ట్రాల్లో కాన్పులు తగ్గుతున్న కొద్దీ ఈ గీత ఏటేటా వాడకు ఇంకా దూరం జరుగుతుంది. ఉత్తరాది రాష్ట్రాల్లో పనికొచ్చిన అంకె ఇక్కడ వాడ మీద తలుపు వేస్తున్నది. నియమం రాసినవాళ్ళ ఉద్దేశం అది కాకపోవచ్చు. ఫలితం అదే.

కేంద్రం ఎక్కడ ఉందన్నది ఇంత ముఖ్యమా అని అడిగేవాళ్ళున్నారు. పిల్లల ఆహార పథకాల్లో కుల వివక్ష మీద సుఖ్‌దేవ్ థోరట్, జోయల్ లీ 2005లో ప్రచురించిన పరిశీలన ఐదు రాష్ట్రాలది. అందులో ఆంధ్రప్రదేశ్ కూడా ఉంది. అది మధ్యాహ్న భోజనం, రేషన్ దుకాణాల గురించి. రాజస్థాన్‌తో పోలిస్తే ఆంధ్రప్రదేశ్‌లో భోజనం దళితవాడలో వడ్డించే చోట్లు, దళిత స్త్రీలు వంట చేసే చోట్లు చాలా ఎక్కువ అని తేలింది. ఇక్కడ వంటను డ్వాక్రా సంఘాలకు అప్పగించిన సంగతి మనకు తెలుసు. మన ఊళ్ళో కులం తక్కువని కాదు, ఏర్పాటు వేరని దాని అర్థం. ఏర్పాటు మారితే ఎవరి ఇంటి ముందుకు ఎవరు నడవాలన్నది మారుతుంది. అంగన్‌వాడీ కార్యకర్త స్థానికురాలై ఉండాలన్నది నియమం. కేంద్రం వాడలో పెడితే ఉద్యోగం వాడ ఆడపిల్లకు దక్కే అవకాశం పెరుగుతుంది. పదో తరగతి చదివిన మాదిగ అమ్మాయి టీచరుగా కూర్చుంటే, ఊరి పిల్లలు ఆమె దగ్గరకు వస్తారా రారా అన్న ప్రశ్న అప్పుడు బయటపడుతుంది. అది బయటపడకుండా ఉండడం కోసమే కేంద్రం ఊళ్ళో ఉంటుందని మేము తిరిగిన పల్లెల్లో చెప్పినవాళ్ళున్నారు.

ఇక డబ్బు. మొదట్లో ఈ పథకంలో పౌష్టికాహారం తప్ప మిగతా ఖర్చంతా కేంద్రానిదే. 2009-10 నుంచి ఆ మిగతా ఖర్చులో రాష్ట్రాలు పదో వంతు పెట్టాల్సి వచ్చింది. 2015లో 14వ ఆర్థిక సంఘం రాష్ట్రాల వాటా పెంచిందన్న కారణం చూపి కేంద్రం తన కేటాయింపును ఒక్కసారిగా 18 వేల కోట్ల పైచిలుకు నుంచి 8 వేల కోట్ల పైచిలుకుకు కోసేసింది. గోల చేశాక ఆ ఏడాదిలోనే కొంత పూడ్చారు. ఆ తర్వాత ఖర్చు పంపకం కేంద్రానికి 60, రాష్ట్రానికి 40 అయింది. 2021-22లో అంగన్‌వాడీలకూ పోషణ్ పథకాలకూ కలిపి కేంద్రం వేసింది 20,105 కోట్లు, 2025-26లో 21,960 కోట్లు. నాలుగేళ్ళలో పెరిగింది నూటికి తొమ్మిది. పప్పు, నూనె, గ్యాసు ధరలు ఆ నాలుగేళ్ళలో ఎంత పెరిగాయో వంటింట్లో ఉన్నవాళ్ళను అడగాలి. పిల్ల మీద రోజుకు పెట్టే పౌష్టికాహారం ఖర్చుకు 2017లో కేంద్రం కట్టిన వెల 8 రూపాయలు. మన రాష్ట్రాలు దానికి పైన వేసుకుంటున్నాయి కనుక గుడ్డు, పాలు కనిపిస్తున్నాయి. ఇక చదువు వాటా సంగతంటారా, 2012లో పథకాన్ని పునర్వ్యవస్థీకరించినప్పుడు ఒక కేంద్రానికి పూర్వప్రాథమిక విద్యా సామగ్రికి ఏడాదికి కట్టింది 3,000 రూపాయలు. పాతికమంది పిల్లలుంటే ఒక్కొక్కరికి నెలకు పది రూపాయలు.

మనిషి లెక్క ఇంకా చిత్రం. కార్యకర్తకు ఇచ్చేది జీతం కాదు, గౌరవ వేతనం. 2018 అక్టోబరు నుంచి కేంద్రం కట్టిన రేటు నెలకు 4,500. అందులో 60 పాళ్ళు, అంటే 2,700 మాత్రమే ఢిల్లీ నుంచి వస్తుంది. ఆంధ్రప్రదేశ్‌లో 2019లో 11,500 అయింది, తెలంగాణలో 2021లో 13,650 అయింది అంటే తేడా రాష్ట్రాల ఖజానాది, ఆ తేడాను రాబట్టింది ఆడవాళ్ళ సమ్మెలు. 2023 డిసెంబరు 12న మొదలై 42 రోజులు నడిచిన ఆంధ్రా సమ్మె మీద ప్రభుత్వం ఎస్మా ప్రయోగించింది. అత్యవసర సేవ అని చెప్పి ఎస్మా, స్వచ్ఛంద సేవ అని చెప్పి గౌరవ వేతనం. రెండూ ఒకే మనిషికి! 2006లో అమీర్బీ కేసులో సుప్రీంకోర్టు వీళ్ళది సివిల్ ఉద్యోగం కాదన్నది. 2022 ఏప్రిల్ 25న మణిబెన్ కేసులో అదే కోర్టు, 1972 చట్టం కింద వీళ్ళకు గ్రాట్యుటీ రావలసిందేనన్నది. రెండో తీర్పు రావడానికి పదహారేళ్ళు పట్టింది.

పద్దులో ఉన్నారని పేరులోనే అన్నాం. ఆ పద్దు నంబరు 789. బడ్జెట్ పుస్తకాల్లో షెడ్యూల్డు కులాల కోసం విడిగా చూపించే లఘు పద్దు అది. స్త్రీ శిశు సంక్షేమ శాఖ డిమాండ్లో అంగన్‌వాడీ ఖర్చు ఒకచోట మామూలు పద్దు కింద, మరోచోట 789 కింద, ఇంకోచోట గిరిజనుల 796 కింద కనిపిస్తుంది. 2013లో పోరాడి తెచ్చుకున్న ఉప ప్రణాళిక చట్టం, అందరికీ వర్తించే పథకాల్లో దళితులకు చేరిన మేరకు ఖర్చును వాళ్ళ పద్దులో చూపడానికి వీలిచ్చింది. ఉద్దేశం మంచిదే. జరుగుతున్నదేమిటంటే, కేంద్రం ఊళ్ళో ఉన్నా, వాడ పిల్ల వచ్చినా రాకపోయినా, జనాభాలో మన నిష్పత్తి చూసి ఖర్చులో ఒక భాగాన్ని 789 కింద రాసేస్తారు. 2011 లెక్కన ఆంధ్రప్రదేశ్‌లో మన నిష్పత్తి నూటికి 17, తెలంగాణలో 15 పైన. అంటే వాడలో కొత్తగా ఒక్క గది కట్టకుండానే, ఒక్క టీచరును పెట్టకుండానే దళితుల కోసం ఇన్ని కోట్లు ఖర్చు చేశామని శాసనసభలో చదవవచ్చు. 1882లో హంటర్ కమిషన్ ముందు జోతీరావు ఫూలే అడిగింది ఈ ప్రశ్నే. పన్ను కట్టేది రైతూ కూలీ, చదువు ఖర్చు పైవర్ణాల పిల్లల మీద, ఇదేం న్యాయమని. నూట నలభై ఏళ్ళలో వచ్చిన తేడా, ఇప్పుడు పద్దు మన పేరు మీద రాస్తున్నారు.

ఈ పథకంలో కుటుంబానికి చదువు అనే భాగం ఒకటుంది. పదిహేను నుంచి నలభై ఐదేళ్ళ ఆడవాళ్ళకు పోషణ, ఆరోగ్యం గురించి చెప్పడం. చేతులు కడుక్కోండి, ఆకుకూర తినండి, పిల్లతో మాట్లాడండి. చెప్పడంలో తప్పు లేదు. కానీ దాని వెనక ఒక ఊహ ఉంది, పిల్ల వెనకబడడానికి కారణం తల్లికి తెలియకపోవడమని. తెలియక కాదు, తీరక. పశ్చిమ కర్నూలు మండలాల నుంచి గుంటూరు వైపు మిరప కోతలకు, పత్తి తీతకు పోయే కుటుంబాలు పిల్లల్ని వెంటబెట్టుకునిపోతాయి. అంగన్‌వాడీ పేరు సొంత ఊళ్ళో, పిల్ల చేను గట్టు మీద. ఊళ్ళో ఉన్నవాళ్ళకైనా కూలి పొద్దున్నే మొదలవుతుంది, కేంద్రం తొమ్మిదికి తెరుస్తారు. ఆ మధ్య మూడు గంటలు ఆరేళ్ళ పిల్లను మోసేది ఎనిమిదేళ్ళ అక్క. ఆ అక్క బడి పోతుంది. చిన్నపిల్లకు సౌకర్యం లేకపోతే పెద్దపిల్ల విద్యాహక్కు కూడా పోతుందన్న మాట చట్టం రాసినవాళ్ళకు తట్టలేదు.

ఆ మూడు గంటల కోసమే శిశుసంరక్షణ కేంద్రాలు. 2017 జనవరిలో జాతీయ క్రెష్ పథకాన్ని 60:30:10 పంపకంలోకి మార్చాక క్రెష్‌లు కొద్ది ఏళ్ళలో 7 వేల లోపుకు పడిపోయాయి. తర్వాత ‘పాల్నా’ పేరుతో 17 వేల అంగన్‌వాడీ-క్రెష్‌లు పెడతామన్నారు. 2005 ఉపాధి హామీ చట్టం, పనిచోట ఆరేళ్ళ లోపు పిల్లలు ఐదుగురుంటే వాళ్ళను చూసుకోవడానికి ఒక స్త్రీకి కూలి ఇచ్చి పెట్టాలని రాసింది. ఆ కూలి చెట్టు కింద ఎవరికి దక్కిందో పనికి పోయినవాళ్ళకు తెలుసు. ఆహార భద్రతా చట్టం ప్రతి గర్భిణికీ 6,000 రూపాయలకు తగ్గకుండా ఇవ్వాలంటే, 2017లో కేంద్రం తెచ్చిన మాతృవందన పథకం మొదటి కాన్పుకే, అదీ 5,000 అని కుదించింది. 1928లో బొంబాయి శాసనమండలిలో ప్రసూతి బిల్లు మీద మాట్లాడుతూ అంబేడ్కర్, తల్లి విశ్రాంతి దేశానికి మేలు కనుక ఆ భారంలో చాలా భాగం ప్రభుత్వం మోయాలని అన్నారు. ఈయనే 1948లో పిల్లను ఫ్యాక్టరీ నుంచి విడిపించి బడిలో కూర్చోబెట్టాలన్నది. తల్లి కూలి, పిల్ల చదువు ఆయన దృష్టిలో ఒకే లెక్క. మన శాఖల్లో మాత్రం ఒకటి కార్మిక శాఖ, ఒకటి శిశు సంక్షేమం, మరొకటి విద్య. మూడు ఫైళ్ళు ఎన్నడూ ఒక బల్ల మీదికి రావు.

ఈ పత్రిక చదివే టీచర్లు, విద్యార్థులు చేయగల పని ఒకటుంది. ప్రతి అంగన్‌వాడీలో కుటుంబ సర్వే రిజిస్టరు ఉంటుంది. అందులో ఇంటింటి పిల్లల వయసు, కులం నమోదు చేస్తారు. ఆ రిజిస్టరును ఊరి మొత్తంగా కాకుండా ఆవాసం వారీగా విడదీసి రాసుకుంటే, వాడలో ఆరేళ్ళ లోపు పిల్లలు ఎందరు, అందులో హాజరయ్యేది ఎందరు, కేంద్రం ఎంత దూరంలో ఉంది అన్నవి ఒక పూటలో తేలతాయి. మండలంలో ఇట్లా పది ఊళ్ళవి చేతికొస్తే, ఆ ప్రాజెక్టులో 789 కింద ఎంత ఖర్చు రాశారో సమాచార హక్కు చట్టం కింద అడగవచ్చు. ఆహారహక్కు కేసు 2017లో ముగిసింది కనుక 40 మంది పిల్లల ఆదేశాన్ని పట్టుకుని నేరుగా సుప్రీంకోర్టుకు పోవడం ఇప్పుడు తేలిక కాదు. కానీ ఆహార భద్రతా చట్టంలో రాష్ట్ర ఆహార కమిషన్ ఉంది, జిల్లాలో ఫిర్యాదుల అధికారి ఉన్నారు. స్థానిక అంగన్‌వాడీ అన్న మాటలో ‘స్థానిక’ అంటే ఊరా, వాడా అని అక్కడ అడగాలి. ఆ ప్రశ్నకు రాతపూర్వకంగా జవాబు తీసుకోవాలి.